ఖాళీ కుర్చీ మీద గెలుపు

నల్లకోటు కొత్తగా వేసుకున్న ఆ రోజుల్లో, కోర్టంటే ఇద్దరు వకీళ్లు హోరాహోరీగా వాదించుకునే చోటని నాకో గట్టి నమ్మకం. నేను చేరింది మాత్రం ఎదుటివాళ్లు ఎప్పుడూ రాని కేసులే చూసే సీనియర్ దగ్గర. తాండూరు బజారులో హుండీ (ఫలానా గడువుకు డబ్బు కడతానని వ్యాపారి సంతకం పెట్టిచ్చే కాగితం) మీద సంతకం చేసి కట్టలేకపోయినవాళ్ల మీద దావాలన్నీ ఆయనవే. ప్రతివాది రాడు, డబ్బు కట్టమని డిక్రీ వస్తుంది. వికారాబాద్ బార్ రూములో ఆయన్ని ‘ఖాళీ కుర్చీ వకీలు’ అనేవాళ్లు. మా ఊరు పెద్దేముల్‌లో నాన్నకు ఇవేమీ పట్టవు. నా బిడ్డ పెద్ద లాయరని ఆటోలో పక్కన కూర్చున్న ప్రతివాళ్లకూ చెప్పుకునేవాడు.

సీనియర్‌కు జ్వరం వచ్చిన పుణ్యాన ఒక కేసు నా చేతికొచ్చింది. మా క్లయింటు గన్నీ సంచుల సేటు. సంచులు తీసుకుని హుండీ ఇచ్చిన పప్పు మిల్లు యజమాని డబ్బు కట్టలేదు, సమన్లు అందినా పలకలేదు. రెండు ముక్కలు చెప్పి కూర్చోవాల్సిన ఆ కేసుకు నేను పేజీల కొద్దీ ప్రసంగం తయారుచేసుకుని, తాండూరులో రైలెక్కింది మొదలు గొణుగుతూనే ఉన్నాను. ఎదుటి సీట్లో తెల్ల పంచె కట్టుకున్న పెద్దమనిషి కాసేపు చూసి, జర గట్టిగా చెప్పమన్నాడు. నాకు అంతకంటే ఏం కావాలి? సంతకం పెట్టి, సరుకు తీసుకుని, దాక్కున్న ఇలాంటి మనుషుల వల్లే బజారులో నమ్మకం చస్తోందని చెయ్యి ఊపుతూ వికారాబాద్ దాకా వాయించాను. ఆయన శ్రద్ధగా విని, చాయ్ తాపించి, "మంచిగ చెప్పినవ్ బిడ్డా" అని దిగిపోయాడు.

కోర్టులో బంట్రోతు ప్రతివాది పేరు మూడుసార్లు పిలిచాడు. ఎవరూ పలకలేదు. నా పక్కనున్న సేటు మాత్రం వరండా వైపు చూసి తల దించుకున్నాడు. నేనూ అటు చూశాను. గుమ్మం అవతల, చేతులు కట్టుకుని, రైల్లోని పెద్దమనిషి. ప్రతివాది ఆయనేనా అని సేటును అడిగితే, అవునని తలూపాడు. జడ్జి గారు చెప్పమన్నారు. నా ప్రసంగం ఎటు పోయిందో గాని, ప్రతివాది హాజరు కాలేదనే ఒక్క ముక్క చెప్పి కూర్చున్నాను (అబద్ధం కాదు, చట్టం దృష్టిలో వరండాలో నిలబడ్డవాడు రానట్టే). డిక్రీ ఇచ్చేశారు.

బయటికి రాగానే ఆయన దగ్గరికి వెళ్లి, ఎందుకు పలకలేదని అడిగాను. అభ్యంతరం వేసి ఉంటే కేసు తేలేసరికి ఏళ్లు గడిచేవని (ఓడినవాడికి ఉచిత సలహా) కూడా చెప్పాను.

"లోపలికొచ్చి ఏం జెప్పాలె బిడ్డా? సంతకం నాది గాదని జెప్పాల్నా? గా సంతకం జూసే గదా ఇన్నేండ్లు బజార్ల నాకు సరుకిచ్చిండ్రు."

మరి ఇంత దూరం రావడం ఎందుకన్నాను.

"పేరు పిల్చినప్పుడు నేనీడ ఉండాలె. దాసుకున్నడని ఎవ్వలు అనొద్దు."

తిరుగు రైల్లో ముగ్గురం ఒకే బెంచీ మీద కూర్చున్నాం. గెలిచినందుకు సేటు కొన్న పేడాల పొట్లం నా ఒళ్లో ఉంది. విప్పడానికి నాకు చేతులు రాలేదు, విప్పమనడానికి సేటుకు నోరు రాలేదు. చివరికి ఆ పెద్దమనిషే చెయ్యి చాపి, "తియ్యి బిడ్డా, మొదటి కేసు గెల్చినవ్" అన్నాడు. నా మొదటి గెలుపు తీపి, నేను ఓడించిన మనిషికే ముందుగా పెట్టాను. ఏడుపు ఆపుకుంటూనే రెండో పేడా నేను తిన్నాను. ఇప్పుడు అవతలి పక్షాన ఇద్దరేసి వకీళ్లుండే కేసులు వాదిస్తున్నాను గాని, రైలు కిటికీ వైపు మొహం తిప్పుకుని ఆ పేడా నమిలిన నల్లకోటు పిల్ల గుర్తొస్తే ఇప్పటికీ నవ్వొస్తుంది. పాపం, ఆకలి కూడా వేసింది దానికి.