కడుపులో గుడ్లు లేని చేప

మలుగు చేపే, కాని చూడడానికి పాములా ఉంటుంది. మా అత్తకు దాని ఆకారంతో పేచీ లేదు, పేచీ అంతా దాని కడుపుతోనే. ఏ చేపను కోసినా ఏదో ఒక కాలంలో గుడ్లు కనబడతాయి. కోమటిచెరువు మలుగుల్ని ఆమె ముప్పై ఏళ్లుగా కోస్తోంది, ఒక్కదానిలోనూ ఒక్క గుడ్డు కనబడలేదట. అందుకని అది గొడ్డుచేప అని తేల్చేసింది. దాన్ని ఆడది తింటే గొడ్రాలవుతుంది, మగవాడు తింటే నడుం గట్టిపడుతుంది. ఈ రెండో ముక్క ఎవరు కనిపెట్టారో గాని, తప్పకుండా మగవాడే అయి ఉంటాడు.

సిద్దిపేటలో మాది మగ్గం ఇల్లు. యుద్ధం పేరు చెప్పి నూలు సరిగా దొరకని రోజులవి. నేసినా నేయకపోయినా నా మొగుడికి మలుగు కూర మాత్రం ఉండాలి. తినేది ఆయన, తిప్పలు నావి. దాని ఒళ్లంతా జిగట, చేతికి బూడిద పూసుకోకపోతే చిక్కదు. ఒకసారి గంపలోంచి జారి, వాకిలి దాటి, మురుగునీళ్ల మోరీ దాకా పాకింది. నేల తడిగా ఉంటే చాలు, చర్మంతోనే ఊపిరి పీల్చుకుంటూ చాలాసేపు బతుకుతుంది. చీర ఎగదోపుకుని దాని వెంట పరుగెత్తిన నన్ను చూసి వాడకట్టంతా నవ్వింది. తల కోసేసినా ముక్కలు గిన్నెలో కదిలేవి. ఇంత అవస్థా పడి, చివరికి నేను పచ్చిపులుసుతో తినేదాన్ని.

పెళ్లయి ఆరేళ్లయినా నా కడుపు పండలేదు. కాపురానికి రాకముందే నేనెక్కడో మలుగు తిని ఉంటానని అత్త తీర్పు. తినలేదని ఒట్టు వేసినా వినలేదు. కొడుక్కి రెండో పిల్లను వెతకడం మొదలుపెట్టింది. ఆయన అవుననలేదు, కాదనీ అనలేదు. పైకి ఎన్ని వెటకారాలాడినా, సవతి వస్తే నన్ను నూలు కండెలు చుట్టుకోమని ఓ మూలన పడేస్తారని లోపల భయంతో చచ్చేదాన్ని.

చేపలు తెచ్చే బెస్తాయనను ఒకనాడు గడపలోనే అడిగేశాను.

“అన్నా, దీని కడుపుల గుడ్లెందుకుండయ్?”

“ఈడ ఎందుకుంటయ్ చెల్లె? ఏండ్లకేండ్లు చెరువుల బతుకుతది. వయసొచ్చినంక తిండి బంద్ జేసి, చెరువు నిండి మత్తడి దుంకంగనె వాగువట్టి పోతది. మానేరు, గోదారి, ఆడికెల్లి సముద్రం. గాడనే గుడ్లు పెట్టి గాడనే సస్తదట. పిల్లలు సూదులంత ఉన్నప్పుడు మల్ల నీళ్లకెదురెక్కి వస్తయ్. గోదారొడ్డున మా మామ చెప్పిండు. అది గుడ్లు పెట్టంగ ఆయన గూడ సూడలే.”

“అంటే కాన్పుకు తల్లిగారింటికి పోతదన్నట్టు.”

“గంతే మరి.”

ఆ మాట నాకు ఎంత నచ్చిందో చెప్పలేను. తల్లిగారింట్లో కనే దాన్ని పట్టుకొచ్చి, అత్తగారింట్లో కడుపు కోసి చూసి గొడ్డుదన్నారు. వెళ్లి అత్తకు చెప్పాను. “చేపలాయన చెప్పిండట, ఈమె నమ్మిందట!” అని మూతి తిప్పుకుంది.

ఆ నెలలోనే తొగుట నుంచి పిల్ల తండ్రి వచ్చాడు. మర్యాద కోసం అత్త మలుగు తెప్పించింది. నా మీదికి సవతిని తెచ్చేవాడికి నా చేతే వండించింది, నా చేతే వడ్డన చేయించింది. నా మొగుడి పక్కనే కూర్చుని రెండు ముక్కలు తిన్నాక ఆయన అడిగాడు.

“అన్నట్టు, ఈమెకు పిల్లలెందుకు కాలేదు?”

“తెలువక మలుగు తిన్నదన్నా. గొడ్డుచేప. తిన్నోళ్లకు పిల్లలు పుడతరా?” అంది అత్త.

గంటె నా చేతిలోనే ఉంది. ఇక నోరు ఆగలేదు.

“నేను ఒక్క తునక నోట్ల పెట్టలేదు పెద్దయ్యా. గీ ఇంట్ల మలుగు తినేది ఈయనొక్కడే. చిన్నప్పటిసంది తింటుండు.”

ఆయన నా మొగుడి కంచం వంక చూశాడు, తర్వాత తన కంచం వంక చూసుకున్నాడు. అందులోనే చెయ్యి కడిగేసి, మళ్లీ వస్తానని లేచాడు. మళ్లీ రాలేదు.

నా మొగుడు కొడతాడేమో అనుకున్నాను. పోయి మగ్గం గుంతలో దిగాడు. మూడు రోజులు తిండికి తప్ప అందులోంచి లేవలేదు. అత్త మాత్రం వాడకట్టు మొత్తానికి వినబడేలా నన్ను తిట్టింది, దాంతో విషయం తెలియనివాళ్లకు కూడా తెలిసింది. ఆరేళ్లుగా జనం నన్ను చూసిన చూపు ఇప్పుడు ఆయన మీద పడింది. నాకు జాలేసింది, కొంచెం సంతోషం కూడా వేసింది.

నాలుగో రోజు మలుగు తీసుకుని, వండి, వంటింట్లో పీట వేసుకుని తినడానికి కూర్చున్నాను. అత్త చూసి కేకలు పెట్టింది. ఆ కేకలకు ఆయన మగ్గంలోంచి లేచి వచ్చాడు. నా కంచంలోకి చూశాడు. తల్లి వైపు తిరగకుండా నా పక్కన చతికిలబడ్డాడు.

“పుట్టకపోతె ఇద్దరికి పుట్టరు. ముక్క ఎయ్యి,” అన్నాడు.

ఏడుపొచ్చింది. ఏడుస్తూనే ఆయనకు తోక ముక్క వేశాను. మంచి ముక్కలన్నీ నేనే తిన్నాను.