ఈశాన్యంలో వెతికిన బుధుడు

చిన్నప్పుడు జబ్బు చేసి నేను బడికి వెళ్ళలేదు. చదువంతా నాన్నగారే ఇంట్లో చెప్పారు, పంచాంగం చూడడంతో సహా. బుధవారాలు ఆయన వెంట గుడికి వెళ్ళి, నవగ్రహాల్లో బుధుడి ముందు గుప్పెడు పెసలు పోసి ప్రదక్షిణలు చేసేదాన్ని. ఆ అలవాటు నాకిప్పటికీ ఉంది.

నిరుడు ఫాల్గుణంలో నాన్నగారు కంటి ఆపరేషన్ చేయించుకుని మండపేటలో మా ఇంట్లోనే ఉన్నారు. ఈ వారం సాయంత్రాలు బుధుడు కనిపిస్తాడనీ, ఆ తర్వాత సూర్యుడి వెలుగులో కలిసిపోతాడనీ పేపర్లో ఉంటే చదివి వినిపించాను. ఏ దిక్కునో అందులో లేదు.

"ఎన్ని జాతకాలు వేశానమ్మాయ్! ఆయన్ని ఒక్కసారీ చూడలేదు. ఈ కొత్త కంటితో చూడాలనుంది" అన్నారు.

మూడు సాయంత్రాలు డాబా ఎక్కాం. మూడుసార్లూ ఈశాన్యానికే తిరిగి నిలబడ్డాం. గుళ్ళో నవగ్రహ మంటపంలో బుధుడుండేది ఆ మూలే కదా! కొబ్బరి మొవ్వులు తప్ప ఏమీ కనపడలేదు.

"పెసలు తక్కువయ్యాయేమోనండి మావయ్యగారూ" అని మావారు ఆటపట్టించారు. నాన్నగారు నవ్వలేదు. "నా కన్నే ఇంకా కుదురుకోలేదేమో" అన్నారు. నాకు ప్రాణం ఉసూరుమంది.

మర్నాడు తిథి చూద్దామని పంచాంగం తీశాను. రవి కుంభంలో, బుధుడు పక్క గడిలో మీనంలో. ఏ జాతకంలోనైనా అంతే, రవిని విడిచి ఒక్క గడి దాటి పోడు. నా పదో ఏట నాన్నగారు చెప్పిన పాఠమే! సూర్యుడు పడమట దిగుతుంటే, ఆయన్ని వదలనివాడు ఈశాన్యంలో ఎందుకుంటాడు?

"నాన్నగారండీ, మనం గుళ్ళో నిలబడ్డట్టు నిలబడ్డామండీ!"

ఆయన ఒక్క క్షణం ఆలోచించి, తల మీద చెయ్యి పెట్టుకుని పకపకా నవ్వారు.

మా డాబాకి పడమట రైసుమిల్లు అడ్డం. అందుకని ఆ సాయంత్రం మావారు కారులో కాలవగట్టుకి తీసుకెళ్ళారు. దాళ్వా వరిచేల మీద ఆకాశం బార్లా తెరుచుకుని ఉంది. సూర్యుడు దిగిపోయాక ఓ చుక్క ధగధగలాడింది.

"అడుగో!" అన్నారు మావారు.

"ఆయన శుక్రుడండి. ఇంకా కిందకి చూడాలి" అన్నాను గానీ, నా కంటికీ ఏం ఆనలేదు.

నాన్నగారు నల్లద్దాలు తీసి, అప్పటికే రెండు చేతులూ జోడించారు. "ఇటు కాదు అల్లుడుగారూ, ఆ తాటిచెట్టు మీదుగా చూడండి. పెసరగింజంత."

అప్పుడు కనపడ్డాడు మా ఇద్దరికీ. చూపించింది నాన్నగారి కొత్త కన్నే. ఆపరేషన్ చేసిన డాక్టరమ్మ చల్లగా ఉండాలి.