రీలు లేని కెమెరా ముందు నాన్నగారు

హైదరాబాదు టీవీలో నాకు ఉద్యోగం వచ్చిందని విన్న రోజు నాన్నగారు మజ్జిగన్నం మధ్యలోనే చెయ్యి కడిగేసుకున్నారు. "ఆడపిల్ల ఆ లైట్ల మధ్య తిరగడమేవిటే? కొత్తపేట హైస్కూల్లో టీచరుద్యోగం చూస్తాన్లే" అన్నారు. హైదరాబాదులో నెలాఖరులోగా చేరాలి. నేను మొండిదాన్నే గాని, ఆయన కాదంటే బస్సెక్కేంత మొండిదాన్ని కాదు.

సరిగ్గా అప్పుడే, పూతరేకుల మీద సినిమా తీస్తానంటూ ఒక టీవీ డైరెక్టరు మా ఆత్రేయపురంలో దిగారు. పుట్టింది ఐర్లండులో, ఉద్యోగమంతా లండన్‌లో. ఇంగ్లీషు మాట్లాడేదాన్ని నేను ఖాళీగా ఉన్నాను కాబట్టి మా ఇంట్లోనే మకాం. ఊరంతా "దొరగారండీ" అంటుంటే ఆయన మొహం చిట్లించి, మా ఐర్లండు వాళ్ళమూ ఆ ఇంగ్లీషు దొరల కింద నలిగినవాళ్ళమేనని చెప్పమన్నారు. నాన్నగారికి ఆ ముక్క తెగ నచ్చేసింది. పప్పులో ఇంకాస్త నెయ్యి వేయించారు.

"ఇంతకీ తమరు తీసేదేవిటండీ?" అని భోజనాల దగ్గర అడిగారు. స్టూడియోలో వైర్లు లాగడంతో మొదలెట్టారట. తర్వాత నాటకాలు, పోలీసు కథలు, పిల్లల బొమ్మలాటలు, ఫుట్‌బాల్ ఆటలు, గుర్రప్పందేలు, చర్చి ప్రార్థనలు, వంటలు... నేను అనువదిస్తున్నకొద్దీ నాన్నగారి కనుబొమలు పైకి లేచాయి. జీవితమంతా ఒకే వేదం చెప్పిన మనిషి మరి. "ఏ ఎండకా గొడుగన్న మాట. ఇలాంటి పనికా నిన్ను పంపడం?" అన్నారు నాతో. ఆ మాట మాత్రం నేను అనువదించలేదు.

రేకులు తియ్యాల్సింది మా మేనత్త. పక్కిల్లే ఆవిడది. చుట్టుపక్కల పెళ్ళిళ్ళకి వెళ్ళే రేకులన్నీ ఆవిడ చేతివే. షూటింగు రోజుకి నాన్నగారు మా వీధరుగుకి సున్నం వేయించి, ముగ్గు పెట్టించి, అక్కడే కొత్త పొయ్యీ, కొత్త కుండా పెట్టించారు. చుట్టం వస్తే పాతది చూపించడం మా వాళ్ళకి చావుతో సమానం. "మసికుండని పై దేశాల వాళ్ళకి చూపిస్తే మన పరువేం కానూ?" అన్నారు. పట్టుచీరలో కూర్చున్న అత్తయ్య నా చెవిలో, "కొత్త కుండకి నూనె పట్టలేదే అమ్మాయ్, రేకు లేవదు. అన్నయ్యకి ఎవరు చెప్తారు?" అంది.

లేవలేదు. పిండిలో ముంచిన గుడ్డ బోర్లించిన కుండ మీద పరిచి తీస్తే, రేకంతా అంటుకుని ముక్కలైపోయింది. మళ్ళీ వేస్తే మళ్ళీ చిరిగింది. జనంలో ఎవరో, "ఈవిడకేనాండీ అంత పేరు!" అన్నారు. అందరూ గొల్లున నవ్వారు. "ఏవైందే చెల్లాయ్ నీకు?" అని నాన్నగారు అరిచారు. అత్తయ్య కళ్ళు నిండిపోయాయి. నాకు ఊరందరి మీదా ఒళ్ళు మండిపోయింది.

డైరెక్టరుగారు విసుక్కోలేదు. కెమెరా గబుక్కున నాన్నగారి వైపు తిప్పించి, ఈ ఇంటి కథ చెప్పమన్నారు. అత్తయ్యని ఆవిడ రోజూ చేసే చోటికి తీసుకెళ్ళమని మెల్లగా నాకు చెప్పారు. నాన్నగారు కండువా సర్దుకుని ముత్తాతల దగ్గర మొదలెట్టారు. జనమంతా అటే తిరిగారు. మేమిద్దరం పెరటి దారిన అత్తయ్య ఇంటికి జారుకున్నాం. పాత చీర, పాత కుండ. ఇక రేకు మీద రేకు, ఉల్లిపొరల్లా లేచొచ్చాయి. కాసేపటికి కెమెరా చప్పుడు లేకుండా అక్కడికే వచ్చింది.

నాటకాలు నేరుగా ప్రసారమయ్యే రోజుల్లో ఎవరైనా మాట మర్చిపోతే, వాళ్ళు తేరుకునేదాకా కెమెరాని ఇంకొకరి మొహం మీద ఉంచేవారట, డైరెక్టరుగారే తర్వాత చెప్పారు. ఆ తర్వాతి ఏళ్ళలో టీవీకి, పొలం పనుల నుంచి హాస్యనాటికల దాకా నేను తియ్యనిది లేదు. కెమెరా ముందు తడబడిన మనిషి ఎదురైన ప్రతిసారీ ఆ డైరెక్టరుగారికి మనసులో దణ్ణం పెట్టుకునేదాన్ని. ఆ రుణం తీరేది కాదు.

షూటింగు రోజు సాయంత్రం నాన్నగారు, "నా మాటలు ఎప్పుడొస్తాయో అడుగమ్మా" అన్నారు. డైరెక్టరుగారు తల దించుకున్నారు. అప్పుడు కెమెరాలో రీలు లేదట. మిగిలిన రీలు అత్తయ్యకే చాలదని అందులో వెయ్యలేదట. క్షమించమన్నారు. నా ఉద్యోగం గోదాట్లో కలిసిందనుకున్నాను. అయినా ఉన్నదున్నట్టు చెప్పాను.

నాన్నగారు గోడ మీంచి పక్కకి చూశారు. పక్క పెరట్లో అత్తయ్య పిల్లలకి రేకులు పంచుతూ నవ్వుతోంది.

"అంటే, దాని ఏడుపు జనానికి కనబడకుండా నన్ను అడ్డం పెట్టేరన్న మాట."

"ఆయ్, నాన్నగారండీ."

"ఈ పని అక్కడ నీకూ నేర్పుతారుటే?"

నాకేం తెలుసు? నేర్పుతారన్నాను.

"అయితే పెట్టె సర్దుకో. రావులపాలెం దాకా నేనొచ్చి బస్సెక్కిస్తాను" అన్నారు.