తంగేడు కోసం గోకవరం దారిలో

మా కోడలిది కరీంనగర్. ఇప్పుడు ఐదో నెల. ప్రయాణాలు వద్దని డాక్టరు గట్టిగా చెప్పడంతో ఈసారి బతుకమ్మకు పుట్టింటికి వెళ్ళలేకపోయింది. రాజమండ్రిలోనే పేర్చుకుందువులే అని బుట్టెడు బంతిపూలు తెప్పిస్తే వాటివంక చూసి ఏడుపు మొదలుపెట్టింది.

"తంగేడు లేని బతుకమ్మ ఏంది అత్తమ్మా?"

అప్పట్నుంచీ ముద్ద ముట్టడం లేదు. కడుపుతో ఉన్న పిల్ల తిండి మానేస్తే నాకు కాళ్ళూ చేతులూ ఆడలేదు.

మర్నాడు పొద్దున్నే ఏడింటికి కడియం బస్సెక్కాను. ఆడవాళ్ళకు టికెట్టు లేదు, ఆధార్ కార్డు చూపిస్తే చాలు. కడియం నర్సరీల్లో దొరకని మొక్క ఉండదని మా గోదావరి వాళ్ళ ధీమా. నర్సరీ ఆయన నిలువెత్తు పచ్చగన్నేరు చూపించాడు. ఇంకేవో పసుపుపచ్చ గంటల పూలూ చూపించాడు. పచ్చగా ఉంటే చాలదయ్యా అని చెప్పేసరికి నా తలప్రాణం తోకకొచ్చింది.

"మెట్టల మీద ఊరికే పూస్తుంటే తంగేడు ఎవరు కొంటారండీ? ఈమధ్య తోటల్లో వేసుకోడానికి అడుగుతున్నారని నాలుగు మొక్కలు పెంచుతున్నాం. అవింకా మొగ్గ తొడగలేదు. గోకవరం వైపు వెళ్ళి చూడండి," అన్నాడు.

మళ్ళీ రాజమండ్రి వచ్చి, మా ఊళ్ళోనే ఉన్న గోకవరం బస్టాండులో రెండు ఇడ్లీ తిని, పదిన్నర బస్సు పట్టుకున్నాను. పక్క సీటావిడకు సంగతి చెప్పాను.

"దానికింత తిరుగుడా అండీ! మా ఊరి దారంతా అదే. నాతో దిగండి."

దిగాను. ఎర్రమట్టి గట్టు మీద నా భుజాల ఎత్తున తంగేడు విరగబూసి ఉంది. అమ్మయ్య అనుకున్నాను. పూజకు కోసినట్టే పువ్వులు మాత్రం గిల్లి సంచిలో నింపి, కోడలికి ఫోటో పంపాను. వెంటనే ఫోనొచ్చింది.

"అయ్యో అత్తమ్మా, రెమ్మలతోని తెంపాలె! గిట్లయితే ఎట్ల పేర్చుడు?" అంటూ పకపకా నవ్వింది. ఆ నవ్వు విని ఎంత తేలికపడ్డానో చెప్పలేను.

"మీ కోడలు మీకు భలే పని పెట్టిందండోయ్!" అంటూ ఆవిడ కూడా కొంగు దోపుకుని కోయడానికి వచ్చింది.

రెండింటి బస్సులో తిరిగొస్తూ రెమ్మల మీద తడి తువ్వాలు కప్పాను. మీలో ఎవరికైనా తంగేడు కావలసొస్తే కడియం వెళ్ళకండి, తిన్నగా ఈ దారి పట్టండి. సగం దారిలో కోడలు మళ్ళీ ఫోన్ చేసింది.

"తిన్నరా అత్తమ్మా?"

"ముందు నువ్వు తిన్నావా?"

"తిన్న."

నాకు నమ్మకం కుదరలేదు. కంచం ఫోటో పంపమన్నాను. పంపింది. కూర మరకలే తప్ప ఒక్క మెతుకు లేదు.