గుత్తకు చూసిన పట్నం

ఆ రోజుల్లో మా బాన్సువాడలో మనిషి విలువ కట్టాలంటే చదువు, పొలం, ఉద్యోగంతో పాటు ఇంకో అర్హత కూడా చూసేవారు. అది పట్నం తెలిసి ఉండడం. పట్నం అంటే హైదరాబాదే, వేరే పట్నాలు మా లెక్కలో లేవు. ఎవరికి పెద్ద దవాఖాన పని పడ్డా, ఎవరి పెళ్లికి బట్టలు కొనాల్సి వచ్చినా "పట్నం తెల్సినోడు ఎవడన్న ఉన్నడా?" అని వెతికేవారు. నేనప్పుడు బస్టాండు ఎదుటి జిరాక్సు దుకాణంలో కొత్తగా పనికి కుదిరాను. పట్నం రెండుసార్లు వెళ్లొచ్చాను. మొదటిసారి ఒక పోటీ పరీక్ష రాయడానికి, రెండోసారి అదే పరీక్ష మళ్లీ రాయడానికి. ఆ రెండు ప్రయాణాల్లో నేను కళ్లారా చూసినవి బస్టాండు, పరీక్ష కేంద్రం, దాని పక్కన ఒక ఇరానీ చాయ్ హోటల్. కానీ తిరిగొచ్చాక చార్మినార్ ఎత్తు గురించి, ట్యాంక్‌బండ్ మీది గాలి గురించి నేను చెప్పిన తీరుకు జనం ముచ్చటపడి నాకు 'పట్నపోడు' అని పేరు పెట్టారు. నేను వద్దనలేదు. (అప్పుడే వద్దని ఉంటే ఇప్పుడిదంతా రాయాల్సిన పని ఉండేది కాదు.)

మా మేనత్తది బీర్కూర్. నాట్లు వేసే ఆడవాళ్ల ముఠాకు ఆమె పెద్ద. ఆ ఏడు యాసంగి నాట్లు అయిపోగానే ముఠా అంతా కలిసి పట్నం చూడాలని తీర్మానించారు. చుట్టుపక్కల జాతరలన్నీ అప్పటికే అయిపోయాయి. సహజంగానే నాకు కబురొచ్చింది. ఆర్టీసీ బస్సులో తీసుకెళ్లి, సిటీ బస్సులు ఎక్కించి దించుతూ ఊరంతా తిప్పాలట. నాకు చెమటలు పట్టాయి. అదృష్టం కొద్దీ అదే వారం ఒక ట్రావెల్సు వాళ్లు మా దుకాణంలో రంగుల కాగితాలు జిరాక్సు తీయించుకున్నారు. నేనొకటి మడిచి జేబులో పెట్టుకుని బీర్కూర్ వెళ్లాను.

"ఇగో అత్తా, పొద్దుగాల మన బస్టాండ్ల ఎక్కితే సాలు. చార్మినార్, మ్యూజియం, జూ, ట్యాంక్‌బండ్, గోల్కొండ, అన్నీ ఒక్కటే దినంల చూపెట్టి మళ్ల ఈడ్నే దించుతరు. అన్నింటికి కలిపి ఒక్కటే టికెట్."

అత్త కాగితాన్ని అటూ ఇటూ తిప్పి చూసింది. "అంటే గుత్తనా?" అంది.

మా దిక్కు నాట్లు రెండు రకాలుగా వేస్తారు. రోజు కూలికి వేస్తే పొద్దు గూకేదాకా మెల్లగా, కుదురుగా సాగుతాయి. పొలం మొత్తానికి ఒకటే బేరం మాట్లాడుకుని వేస్తే అది గుత్త, ఎంత తొందరగా తెమిలిస్తే అంత లాభం. అత్త ముఠా వైపు తిరిగింది.

"గుత్త పట్టినప్పుడు మనం ఎట్ల నాటుతమే, జెర చెప్పుండ్రి?"

"ఉరుకులాడుకుంట నాటుతం."

"నారు కర్రకు కర్రకు నడుమ బర్రె పండుకోవచ్చు," అంది ఇంకొకామె. అందరూ నవ్వారు.

"మరి గా బండోడు గూడ గట్లనే చూపెట్టడా, అల్లుడా?"

ముఠాలో ఒక పెద్దావిడ ఉండేది. ప్రతిదానికీ కారణం అడిగే అలవాటు వల్ల ఆమెను అందరూ గెందుకవ్వ అనేవారు. ఆమె అందుకుంది. "పట్నపోడు మనోడే ఉండగ గీ బండి గెందుకు? మెల్లగ ఆడింత ఈడింత తిప్పుతడు గదా?"

"సిటీ బస్సులల్ల తప్పిపోతరు, అవ్వా."

"నువ్వుంటవు గదరా!"

"నేనున్నా తప్పిపోతరు," అన్నాను. ఆ రోజంతా నేను పలికిన నిజం అదొక్కటే.

చివరికి అత్త ఒక్క షరతు మీద ఒప్పుకుంది. "ఏది సూసినా సూడకున్నా, గోల్కొండ కాడ చప్పట్ల సంగతి మాత్రం తేల్చాలె."

ఆ సంగతి ఊరందరికీ తెలుసు. అత్త పెనిమిటి, అంటే మా మామ, ఒకప్పుడు బెల్లం లారీతో పట్నం వెళ్లి గోల్కొండ చూసొచ్చాడు. కింద దర్వాజా దగ్గర చప్పట్లు కొడితే గుట్ట మీద చివరి మేడలో వినపడుతుందని, తాను కొడితే పైన దోస్తు విన్నాడని చెప్పాడు. ఎవరూ నమ్మలేదు. మామకు గప్పాలు కొట్టే గుణం లేదని అనలేం. (వరదల్లో మంజీరాను ఒక చేత్తో ఈదానని కూడా చెప్పేవాడు.) అప్పటి నుంచి ఆయన పేరు 'చప్పట్ల మామ' అయింది. ఆయన దారిన పోతుంటే పిల్లలు చప్పట్లు కొట్టి "మామా, వినపడ్డదా?" అని అరిచేవారు. అందరికంటే ఎక్కువ ఎగతాళి చేసింది అత్తే. పట్నం ప్రయాణానికి రెండేళ్ల ముందు మామ పోయాడు. అత్తకు మాత్రం ఆ ఒక్క ప్రశ్న మిగిలిపోయింది. "ఒక్కపారన్న నిజం చెప్పిండో లేడో నాకు ఎర్క కావాలె," అంది. నవ్వుతూనే అంది కానీ ముఠాలో ఎవరూ నవ్వలేదు.

బండి తెల్లవారకముందే బయల్దేరింది. వెంట వచ్చిన గైడు చురుకైనవాడు. చార్మినార్ దగ్గర మమ్మల్ని దించినంత వేగంగా ఎక్కించుకున్నాడు. "గుత్త," అంది అత్త నా చెవిలో. అసలు కథ మ్యూజియంలో మొదలైంది. పొలంలో ముఠా ఒక వరుసలో నిలబడి, ఎవరి వెడల్పు వాళ్లు పట్టుకుని, అందరూ ఒక్క తీరుగా కదులుతారు. దాన్ని మునుం పట్టడం అంటారు. ఎవరూ ముందుకు పోరు, ఎవరినీ వెనక వదలరు. వీళ్లు మ్యూజియం గదిలో కూడా అలాగే మునుం పట్టారు. ఈ గోడ నుంచి ఆ గోడ దాకా వరుసగా నిలబడి, ఏ బొమ్మనూ వదలకుండా, ఒక్కో అడుగు వేస్తూ సాగారు. (నాట్లేసేటప్పుడు వెనక్కి నడుస్తారు. ఇక్కడ ముందుకే నడిచినందుకు నేను దేవుడికి దండం పెట్టుకున్నాను.) వెనకాల వచ్చిన విదేశీయులు, బడిపిల్లలు ఆ వరుస దాటలేక నిలబడిపోయారు. ముసుగు కప్పుకున్న పాలరాతి బొమ్మ దగ్గర గెందుకవ్వ ఆగింది.

"రాయికి ముసుగు గెందుకు?"

"అమ్మా, తొందరగా నడవండి, ఇంకా జూ ఉంది," అని గైడు బతిమాలాడు.

"నీది గుత్త, బిడ్డా. మేం కూలికి సూస్తున్నం," అంది అత్త.

జూ పోయింది. ట్యాంక్‌బండ్ కిటికీలోంచి కనపడింది. గోల్కొండ చేరేసరికి పొద్దు వాలింది. గైడు దర్వాజా కింద నిలబడి, "ఇక్కడ కొడితే పైన వినపడుతుందమ్మా, నిజమే. పైకి ఎక్కే టైం మాత్రం లేదు," అన్నాడు. గుత్తోడి మాట ఎవరూ లెక్కచేయలేదు. అత్త నా వైపు తిరిగింది. "నువ్వు పడుసోనివి, ఉరుకు అల్లుడా. మీద నిలవడి ఇను. మేం అందరం కొడ్తం."

ఉరికాను. పట్నపోడి హోదాకు తగ్గట్టు ఆ రోజు కొత్త బూట్లు వేసుకున్నాను. అవి మడమలు కొరికేశాయి. మెట్లు సగం కూడా ఎక్కకముందే ఊపిరి అందలేదు. ఒక గోడ పక్కన కూలబడి, బూట్లు విప్పి, అటుగా వచ్చినవాడి దగ్గర నిమ్మసోడా కొనుక్కుని తాగాను. ఇంకాస్త కూర్చుని ఎక్కుదాం అనుకుంటుండగానే కింద బండి హారన్ మోగింది. దిగిపోయాను.

దర్వాజా కింద ముఠా అంతా మునుం పట్టినట్టే వరుసగా నిలబడి ఉంది. కొట్టి కొట్టి అరచేతులు ఎర్రబడ్డాయి.

"ఏమాయె అల్లుడా, వినపడ్డదా?"

సగంలో కూర్చున్నానని చెబితే పట్నపోడి పరువేం కావాలి? "వినపడలే అత్తా," అన్నాను. (సోడా తాగుతున్నవాడికి వినపడలేదన్నది అబద్ధం కాదని చాలా ఏళ్లు నాకు నేను చెప్పుకున్నాను.)

అత్త ఒక్క క్షణం గుట్ట వైపు చూసింది. తర్వాత చేతులు కొంగుకు తుడుచుకుంటూ, "సచ్చిపోయి గూడ నన్ను ఇంత దూరం ఉరికిచ్చిండు సూడుండ్రి," అంది. అందరూ నవ్వారు, నేను కూడా. ఊళ్లో మాత్రం సంగతి ఖాయమైపోయింది. చప్పట్ల మామది గప్పేనట, సాక్షాత్తు పట్నపోడే పైకెక్కి విన్నాడట.

మొన్న మా అమ్మాయి ఫోన్‌లో అలాంటి టూరే చూపించింది, ఇప్పుడు ఏసీ బండి, ఇంకో నాలుగు చోట్లు ఎక్కువ. దాన్ని చూస్తూ చాలాసేపు కూర్చున్నాను. తర్వాత బీర్కూర్ వెళ్లి, మళ్లీ పట్నం పోదామా అని అత్తను అడిగాను. ఆమె మోకాళ్లు ఇప్పుడు మాట వినవు, నోరు మాత్రం మునుపటిదే. "ఎన్ని చోట్లు?" అంది. "ఒక్కటే అత్తా, దినమంతా." "అయితే కూలికే," అంటూ చెప్పులేసుకుంది.

దర్వాజా కింద ఆమెను ఒక అరుగు మీద కూర్చోబెట్టి, ఆమె ఫోన్ చేతికిచ్చి, నాది జేబులో వేసుకుని మెట్లెక్కాను. నిమ్మసోడా తాగిన గోడ కనపడింది, ఆగలేదు. (నిజానికి ఆగాను, కూర్చోలేదు.) చివరి మేడ చేరేసరికి గుండె చెవుల్లో కొట్టుకుంటోంది. అది సద్దుమణిగేదాకా నిలబడ్డాను. అప్పుడు కింది నుంచి, ఎండుకొమ్మ విరిగినట్టు సన్నగా, టప్. ఆగి మళ్లీ టప్ టప్. బతుకమ్మ ఆడేటప్పటి అత్త చప్పట్లే. ఫోన్ తీశాను.

"వినపడ్డది అత్తా!"

"మరి గప్పుడు గెందుకు వినపడలే?"

గాలి హోరులో నిలబడి ఉన్నదంతా చెప్పేశాను, బూట్లతో సహా. తిడుతుందనుకున్నాను, ఏడుస్తుందేమో అని కూడా భయపడ్డాను. ఫోన్లో అత్త గొంతు సవరించుకుంది.

"మరి గిప్పుడన్న మీదికి ఎక్కినవని నాకేం నమ్మకం?"

"అత్తా, ఒట్టు..."

"నీ ఒట్టు నాకెందుకు? ఫోన్ బంద్ పెడ్తున్న. చప్పట్లు కొడ్త. ఎన్ని కొట్టిన్నో మళ్ల నువ్వే ఫోన్ చేసి చెప్పు."

చెప్పాను. నమ్మలేదు. మళ్లీ కొట్టింది, మళ్లీ చెప్పాను. అలా మధ్యాహ్నం దాకా, నెత్తిన తెల్లవెంట్రుకలు వచ్చిన పట్నపోడు గుట్ట మీద నిలబడి పరీక్ష రాశాడు. ఈసారి ఒక్క తప్పూ పోలేదు. చివరిసారి చప్పట్లు మొదలై ఆగనే లేదు. లెక్కపెట్టడం నేనే మానేశాను. అవి నాకు పెట్టిన పరీక్ష కావని, మామకు కొడుతున్నవని తెలియడానికి కొంతసేపు పట్టింది.

బీర్కూర్ వాళ్లకు ఇదే నా మనవి. వినపడుతుంది. మంజీరా సంగతి మాత్రం నేనింకా ఈది చూడలేదు.