నల్లసిరా కార్డు, కవ్వం పార్టీ పునర్జన్మ

ఒక పార్టీని బతికించబోయి దాని అధ్యక్షుణ్ణి చంపేసినవాడు ఈ రాష్ట్రంలో నేనొక్కణ్ణే. కంగారు పడకండి, కత్తితో కాదు. కార్డుతో. అదీ తెనాలిలో అచ్చువేయించిన కార్డుతో. ఆ ఘోరం ఎలా జరిగిందో పూసగుచ్చినట్టు చెబుతాను. మధ్యలో నవ్వొస్తే నవ్వుకోండి, నాకేమీ పరువు మిగల్లేదు కనుక ఫరవాలేదు.

అరవైల్లో మాట. నాకు ఇరవై నాలుగేళ్ళు. బి.ఏ. తప్పి, తెనాలిలో ఖాళీగా ఉండేవాణ్ణి. "ఖాళీగా" అంటే మా నాన్నకు కోపం వచ్చేది కాబట్టి, "రాజకీయాల్లో ఉన్నాను" అనేవాణ్ణి. అయితే పెద్ద పార్టీల్లో నాలాంటివాళ్ళు కుర్చీలు సర్దడానికే వందమంది ఉన్నారు. అందుకని ఎవరూ లేని పార్టీ కోసం వెతికాను. దొరికింది. పల్లె ప్రజా పక్షం.

స్వరాజ్యం రాకముందు పుట్టిన పార్టీ అది. జెండా మీద కవ్వం బొమ్మ ఉండేది గనుక జనం కవ్వం పార్టీ అనేవారు. ఒకప్పుడు ప్రభుత్వాలను గడగడలాడించిందని నేను చాలాకాలం చెప్పుకున్నాను. నిజానికి దాని తరఫున ఇద్దరు గెలిచారు. ఒకాయన గెలిచిన నెలకే పార్టీ మారాడు. రెండో ఆయన రేపల్లె పరంధామయ్యగారు. పదిహేనేళ్ళుగా పార్టీ అంటే ఆయనే, ఆఫీసు అంటే ఆయన అరుగే, జెండా అంటే ఆయన ట్రంకుపెట్టెలో కలరా ఉండల మధ్య నిద్రపోతున్న గుడ్డే.

నేను వెళ్ళి కాళ్ళకు దణ్ణం పెట్టాను. "బాబాయిగారూ, పార్టీని మళ్ళీ లేపుదామండి. రాష్ట్రమంతా మీ కోసం ఎదురుచూస్తోందండి."

ఆయన పడక్కుర్చీలోంచి నన్ను కిందినుంచి పైదాకా చూశారు. "రాష్ట్రం సంగతి సరే. నువ్వు ఎదురుచూసేదేంటి?"

"యువజన కార్యదర్శి పదవండి."

"పార్టీలో యువజనులు ఎవరున్నారు?"

"నేనేనండి."

ఆయన నవ్వారు. తర్వాత నవ్వు ఆపి, ట్రంకుపెట్టె వైపు చూస్తూ ఒక షరతు పెట్టారు. "గోదావరి జిల్లాల నుంచి నెల్లూరు దాకా మా పాతవాళ్ళున్నారు. వాళ్ళలో యాభైమంది నా వాకిట్లోకి రావాలి. వస్తే జెండా ఎగరేస్తా. నలభై తొమ్మిది మంది వచ్చినా ఆ పెట్టెకు తాళమేసి తాళంచెవి కృష్ణలో పారేస్తా. ఇంక పార్టీ మాట నా దగ్గర ఎత్తకూడదు."

లోపలినుంచి ఆయన భార్య అన్నపూర్ణమ్మగారు మజ్జిగ గ్లాసుతో వచ్చారు. "యాభైమందెందుకు అబ్బాయ్, బాపట్ల రాఘవయ్యగారు ఒక్కరొస్తే చాలు ఈయనకి. పదిహేనేళ్ళ నుంచి ఆ ఒక్క మనిషి కోసమే వీధి వైపు చూస్తా కూర్చుంటారు."

"నేనెందుకు చూస్తాను?" అని పరంధామయ్యగారు వీధి వైపు చూశారు.

రాఘవయ్యగారు పార్టీ పాత కార్యదర్శి, పరంధామయ్యగారి ప్రాణమిత్రుడు. ఇద్దరూ జైలుకు కలిసి వెళ్ళారు, తిరిగి కలిసి వచ్చారు. ఆ తర్వాత జెండా మీద కవ్వానికి తాడు ఉండాలా వద్దా అనే విషయం మీద విడిపోయారు. ఉండాలని ఈయన, వద్దని ఆయన. సిద్ధాంతాలంటే అలా ఉండేవండీ ఆ రోజుల్లో.

పాత సభ్యుల చిరునామాల పుస్తకం చంకలో పెట్టుకుని తెనాలి వచ్చి, లింగయ్య ప్రెస్సులో దిగాను. అప్పుడే మూఢం వెళ్ళి ముహూర్తాలు పడ్డాయి. ప్రెస్సు నిండా శుభలేఖలు ఆరబెట్టి ఉన్నాయి.

"ఎర్రసిరా చుక్క లేదండి," అన్నాడు లింగయ్య. "మద్రాసు నుంచి రావాలి. వారం ఆగండి."

"వారం ఆగితే ఉద్యమం చల్లారిపోతుంది లింగయ్యా! నల్లసిరా లేదా?"

"ఉంది. ఉంటే మాత్రం? మంచి పనికి పిలుస్తా నల్లసిరా ఏంటండి? వినడానికే బాగాలేదు."

ఇక్కడే, అయ్యలారా, నాలోని మేధావి నిద్ర లేచాడు. వాడు అలాంటి సమయాల్లోనే లేస్తాడు. "మాది అభ్యుదయ పార్టీ లింగయ్యా. ఎరుపు శుభం, నలుపు అశుభం లాంటి మూఢనమ్మకాలు మాకు లేవు. నల్లసిరాతోనే కానియ్యి!"

"పోనీ నాలుగు మూలలా కాస్త పసుపన్నా అద్దనివ్వండి."

"అద్దకూడదు!"

"బొమ్మేదన్నా వేయాలా?"

ఇచ్చాను. పరంధామయ్యగారు గెలిచిన రోజు మెడలో దండతో తీయించుకున్న ఫొటో. ఒకప్పుడు పార్టీ పత్రికలో వేసిన అచ్చు బ్లాకు కూడా ఉంది.

"చుట్టూ ఏమీ లేకపోతే బోసిగా ఉందండి," అన్నాడు లింగయ్య బొమ్మ చూసి.

"అంచు వెయ్యి. సన్నగా కాదు, గంభీరంగా ఉండాలి."

వేశాడు. బొటనవేలంత మందాన వేశాడు. కింద నేను స్వయంగా రాసిన వాక్యం: "శ్రీ పరంధామయ్యగారి ఆశయములను ముందుకు గొనిపోవుటకై వచ్చే ఆదివారం రేపల్లెలోని వారి స్వగృహమునకు పాత మిత్రులెల్లరు విచ్చేయ ప్రార్థన. భోజనములు కలవు." ఆ వాక్యం మూడుసార్లు చదువుకుని, నా తెలుగుకు నేనే ముగ్ధుడినయ్యాను.

లింగయ్య ఆఖరిసారి నసిగాడు. "ఏమోనండి. నాకైతే ఇది చూస్తుంటే తలస్నానం చెయ్యాలనిపిస్తోంది."

నేను వినలేదు. వినే వయసు కాదు. కార్డులన్నీ పోస్టులో పడేశాను.

మీకు తెలిసిందే. మనవైపు నల్లకార్డు ఇంటికొస్తే ఎవరూ లోపలికి తీసుకెళ్ళరు. గుమ్మం బయటే చూస్తారు. నల్ల అంచు, దండ వేసిన బొమ్మ, కింద భోజనాలు. ఇంక చదవడానికేముంది? "అయ్యో" అనుకుని, ఆదివారం గుర్తుపెట్టుకుని, అక్కడికక్కడే చింపి పారేస్తారు. మళ్ళీ తీసి చదివి సందేహం తీర్చుకుందామన్నా ముక్కలు కూడా మిగలవు. నా కార్డులన్నీ అలా ఊరూరా గుమ్మాల ముందు ముక్కలై పడ్డాయి.

ఆదివారం పొద్దున్నే తెనాలిలో రేపల్లె బండి ఎక్కాను. పెట్టె నిండా పెద్దవాళ్ళు. ఉతికిన పంచెలు, భుజాన కండువాలు, ఒక్కరి మొహంలోనూ నవ్వు లేదు. నా గుండె ఉప్పొంగిపోయింది. ఆహా, ఎంతటి క్రమశిక్షణ గల కార్యకర్తలు! వేమూరు దాటాక ఎదుటి పెద్దాయన అడిగాడు.

"బాబూ, నువ్వూ పరంధామయ్యగారింటికేనా?"

"అవునండి. అన్ని ఏర్పాట్లూ నావేనండి."

"ఏమవుతావు ఆయనకి?"

"కొడుకులాంటివాణ్ణనుకోండి."

ఆయన కళ్ళనీళ్ళు పెట్టుకుని నా భుజం తట్టాడు. "గుండె దిటవు చేసుకో నాయనా. ఇంక భారమంతా నీమీదే."

పార్టీ భారం గురించే అనుకుని నేను ఛాతీ విరుచుకున్నాను. "మోస్తానండి!"

రేపల్లెలో దిగి అందరికంటే ముందు పరుగెత్తి, వాకిలి దగ్గర లెక్కపెడుతూ నిలబడ్డాను. ఆ రోజు పదివేలమంది వచ్చారని పాతికేళ్ళు చెప్పాను. మనవలు పుట్టాక రెండువేలకు దించాను. ఇప్పుడు ఒప్పుకుంటున్నాను, నూట పన్నెండు మంది. అయినా కావలసింది యాభైయే కదా! యాభయ్యో ఆయన గుమ్మంలో అడుగు పెట్టగానే, "జై కవ్వం!" అని అరిచాను. ఒకావిడ పక్కావిడతో, "పాపం, దుఃఖంతో మతి పోయినట్టుంది," అంది.

పరంధామయ్యగారు లోపలి గదిలో తలుపేసుకుని ఉపన్యాసం వల్లె వేస్తున్నారు. యాభై నిండితే తప్ప పిలవొద్దన్నారు. నేను పిలుద్దామని వెళ్ళబోతుండగా వంటింట్లోంచి అన్నపూర్ణమ్మగారు బయటికొచ్చారు. పండుగలాంటి రోజు కదా! పట్టుచీర, కాళ్ళకు పసుపు, తలనిండా కనకాంబరాలు, నుదుట రూపాయి బిళ్ళంత బొట్టు.

ఆ బొట్టు చూడగానే, వచ్చిన ఆడవాళ్ళంతా ఒక్కసారిగా గొల్లుమన్నారు. "అయ్యో అక్కా! నీకెంత కష్టమొచ్చిందే!"

అన్నపూర్ణమ్మగారు బెదిరిపోయారు. "ఏంటే? ఎవరు పోయారు?"

"ఇంకా తెలియదా నీకు? నీకు చెప్పనే లేదా వీళ్ళు!"

అప్పుడు నాకు మొదటిసారి కార్డు మీది నల్ల అంచు గుర్తొచ్చింది. సరిగ్గా అప్పుడే వీధిలో రిక్షా ఆగింది. అందులోంచి బాపట్ల రాఘవయ్యగారు దిగారు. చేతిలో గజం పొడుగు పూలదండ. ఎవరివైపూ చూడకుండా తిన్నగా అరుగెక్కి, ఖాళీగా ఉన్న పడక్కుర్చీకి ఆ దండ వేసి, కండువా నోటికి అడ్డం పెట్టుకుని బావురుమన్నారు.

"పరంధామా! పదిహేనేళ్ళు నీతో మాట్లాడకుండా పోయానురా. ఎన్నిసార్లు రేపల్లె బస్సెక్కి మధ్యలో దిగిపోయానో నీకు తెలియదు. తప్పు నాదేరా. కవ్వానికి తాడు ఉండాలన్నావు. ఉండాలిరా! తాడు లేకపోతే అది కవ్వమెలా అవుతుంది, కర్ర అవుతుంది గానీ! ఈ మాట నీకు చెప్పకుండానే..."

లోపలి గది తలుపు తెరుచుకుంది. ఇస్త్రీ చేసిన జెండా చేతిమీద వేసుకుని పరంధామయ్యగారు గుమ్మంలో నిలబడ్డారు. కళ్ళు తడిగా ఉన్నాయి, గొంతు మాత్రం ఖంగుమంది.

"రాఘవయ్యా, ఆ తాడు ముక్క మళ్ళీ ఒకసారి చెప్పు. వెనకవాళ్ళకి వినపడలేదు."

ముగ్గురు పెద్దలు అరుగుమీంచి దూకారు. ఒకాయన చెప్పులొదిలేసి వీధి మలుపు దాకా పరుగెత్తాడు. రాఘవయ్యగారు మాత్రం కదల్లేదు.

"నువ్వు... పోలేదా?"

"నీకంత తొందరగా ఉంటే చెప్పు, ఆలోచిస్తా."

"మరి కార్డు?"

"ఏ కార్డు?"

నూట పన్నెండు తలలు నావైపు తిరిగాయి. నేను వంటింట్లోకి పారిపోయాను. అది తప్పు. అన్నపూర్ణమ్మగారు అప్పటికే గరిటెతో అక్కడున్నారు.

"నా పసుపు కుంకాల మీద నల్లసిరా పోశావు కదరా భాస్కరం!"

"పిన్నిగారూ, అభ్యుదయం..."

"అభ్యుదయమా? ఇలా రా, వీపు మీద అచ్చేస్తా!"

గరిటె దెబ్బలు పన్నెండని చెప్పేవాణ్ణి. నిజానికి రెండే. రెండోది తగల్లేదు.

అయినా ఆ రోజంత సందడి రోజు నా జన్మలో లేదు. ఏడుస్తూ వచ్చినవాళ్ళు నవ్వి నవ్వి కళ్ళనీళ్ళు తుడుచుకున్నారు. సంతాపానికని సిద్ధం చేసుకొచ్చిన ఉపన్యాసాలు వృథా పోకూడదని పరంధామయ్యగారు పడక్కుర్చీలో కూర్చుని అన్నీ చెప్పించుకున్నారు. మధ్యమధ్య సరిదిద్దారు కూడా. "జైలులో ఆరు నెలలు కాదోయ్, ఎనిమిది. రాసుకో." భోజనాలయ్యాక జెండా ఎగిరింది. కవ్వానికి తాడు రాఘవయ్యగారే బొగ్గుముక్కతో గీశారు.

"ఈసారి మా బాపట్లలో నిలబడు. నేను గెలిపిస్తా," అన్నారాయన.

"ముందు నువ్వు రేపే ఎర్రసిరాతో కార్డులు వేయించు," అని అన్నపూర్ణమ్మగారు నన్ను ఆజ్ఞాపించారు. వారం తర్వాత ఎర్రసిరా వచ్చింది, "క్షేమంగా ఉన్నారు" అనే కార్డులు వచ్చాయి, ప్రతి మూలా ఆవిడే పసుపు అద్దారు. రెండు కట్టలు నాకప్పగించారు.

ఇప్పుడొక సంగతి ఒప్పుకోవాలి. రెండు కట్టలూ పోస్టులో వేశానని ఇన్నేళ్ళూ చెప్పాను. వేసింది ఒకటే. తెనాలి స్టేషన్లో దిగేటప్పుడు, నేను కాబోయే మంత్రినని పక్కాయనకు వివరించే హడావుడిలో రెండో కట్ట బండిలోనే వదిలేశాను. అది గుంటూరు వైపు వెళ్ళిపోయింది. అందులో ఉన్నవి బాపట్ల చుట్టుపక్కల ఊళ్ళ కార్డులు.

ఎన్నికలొచ్చాయి. పరంధామయ్యగారు బాపట్లలోనే నిలబడ్డారు. సముద్రం వైపు ఒక పల్లెకు ప్రచారానికి వెళ్ళాం. చేపలు ఎండబెడుతున్న ముసలమ్మ ముందు ఆయన చేతులు జోడించారు.

"అమ్మా, కవ్వం గుర్తు. పరంధామయ్య."

ఆమె చేతిలో చేప కింద పెట్టి, కొంగుతో కళ్ళొత్తుకుంది. "అయ్యో, ఆ మారాజు పోయాడని మా ఊరి పెద్ద కార్డు చదివి చెప్పాడయ్యా. తవరు తమ్ములుంగారా? అచ్చం అన్నగారి పోలికే!"

"నేనేనమ్మా పరంధామయ్యని!"

"ఓట్ల కోసం అట్టా చెప్పకూడదు బాబూ. ఆ మారాజే ఉండుంటే కళ్ళు మూసుకుని ఏసేవోళ్ళం."

రాఘవయ్యగారు ఇసకలో కూలబడి నవ్వడం మొదలెట్టారు. పరంధామయ్యగారు నా భుజం మీద చెయ్యేసి అన్నారు: "పద భాస్కరం. ఎవరి మీదైనా నెగ్గుతాను గానీ, ఆ పోయినాయన మీద నేను నెగ్గలేనురా."

నెగ్గలేదు. కానీ ఆ తర్వాత ఇద్దరు మిత్రులూ ప్రతి ఆదివారం ఒకే అరుగు మీద కూర్చుని, తాడున్న జెండా కింద నన్ను తిట్టుకుంటూ హాయిగా బతికారు.

కాబట్టి పంచభూతాల సాక్షిగా, లింగయ్య ప్రెస్సు సాక్షిగా, అన్నపూర్ణమ్మగారి గరిటె సాక్షిగా ప్రమాణం చేస్తున్నాను: ఈ జన్మలో మళ్ళీ నల్లసిరా ముట్టను. మా పిల్లలకు కూడా చెప్పి ఉంచాను. రేపు నా పెద్దకర్మ కార్డు సైతం ఎర్రసిరాతోనే వేయించాలి, నాలుగు మూలలా పసుపు అద్దాలి. జనం పెళ్ళనుకుని నవ్వుతూ వస్తారు. వచ్చాక ఎలాగూ తెలుస్తుంది. ఈసారి మాత్రం లోపలి గది తలుపు తెరుచుకుని ఎవరూ బయటికి రారని మా ఆవిడ హామీ ఇచ్చింది.