తిరగబడిన కాయిల్

పోయిన నెలలో ఒక పొద్దున, భూపాలపల్లిలో మా ఇంటి నీళ్ల మోటరు స్విచ్చి వేస్తే తిరగకుండా ఊరికే గుమ్మని మూలిగింది. గనిలో పనిచేసి రిటైరైన మా ఇంటాయన మెకానిక్కుకు ఫోను చేస్తే, అతను అరగంటలో వచ్చి, పాతదాన్ని విప్పి గోనెసంచిలో వేసుకుని, కొత్తది బిగించి వెళ్లిపోయాడు. నీళ్లు వచ్చాయి, పని జరిగింది, అందరూ ఎవరి పనుల్లో వాళ్లు పడ్డారు; నాకు మాత్రం ఆ రోజంతా కాలు ఒకచోట నిలవలేదు, వంటింట్లోంచి వసారాలోకి, వసారాలోంచి గేటు దాకా తిరుగుతూనే ఉన్నాను. ఆ మూలుగు నాకు బాగా తెలిసిన మూలుగు. అరవై దాటిన ఈ వయసులోనూ అది వింటే ముందు పరుగెత్తి స్విచ్చి ఆపేస్తాను. కరెంటు వంతులవారీగా వచ్చే రోజుల్లో వ్యవసాయం చేసిన నా ఈడువాళ్లకు చెబితే, ఎందుకో అర్థమవుతుంది.

మాది పాలకుర్తి. ఆటోలు ఆగే చోటుకు కొంచెం ఇవతల మా బాపుకు మోటరు వైండింగు దుకాణం ఉండేది. దుకాణమంటే రేకుల కప్పు, నూనె మరకల చెక్కబల్ల, గోడకు వేలాడే రాగితీగ చుట్టలు, ఎప్పుడూ వదలని వార్నిషు వాసన, అంతే. చుట్టుపక్కల ఊళ్లలో బావుల మీద కాలిపోయిన మోటర్లన్నీ మా గడపకే వచ్చేవి. కాలిన తీగను పెరికేసి, కొత్త తీగను లెక్క ప్రకారం చుట్లు చుట్టి, ఇనుప చట్రం లోపలి గాడుల్లో ఒక్కొక్క కాయిల్‌ను ఒదిగించి, చివరికి కొసలు కలిపి టంకం వేయడం బాపు పని. పదో తరగతి అయ్యాక పైచదువు సాగక ఇంట్లో ఉన్న నేను, మొదట అన్నం తీసుకుని దుకాణానికి వెళ్లేదాన్ని, తర్వాత చుట్లు లెక్కపెట్టేదాన్ని, ఆ తర్వాత చుట్టేదాన్ని. ఒక్క కొసలు కలిపే పని మాత్రం బాపు నా చేతికి ఇచ్చేవాడు కాదు. ఎందుకని అడిగితే, అది చేతిపని కాదు, నెత్తికాయ పెట్టి చేసే పని అనేవాడు.

నిజానికి ఆ నెత్తికాయ పని వెనక ఉన్న సంగతి నాకు బళ్లోనే ఒకసారి కంటికి కనిపించింది. మానుకోట నుంచి వచ్చిన సైన్సు టీచరమ్మ ఒకామె మాకు తొమ్మిదో తరగతిలో ఉండేది. ఒకరోజు బల్ల మీద దిక్సూచి పెట్టి, దాని మీదుగా ఒక రాగితీగ సాగదీసి, కొసలు టార్చిలైటు బ్యాటరీకి తగిలించింది. సూది చటుక్కున పక్కకు తిరిగింది. కొసలు మార్చి తగిలిస్తే అటు తిరిగిన సూది ఇటు తిరిగింది. రాగి అయస్కాంతానికి అంటుకోదు కదా, మరి సూదిని తిప్పిందెవరని నేను లేచి అడిగాను. తిప్పింది రాగి కాదనీ, అందులో కదిలే విద్యుత్తనీ, విద్యుత్తు ఎక్కడ కదిలినా దాని చుట్టూ కంటికి కనపడని అయస్కాంత క్షేత్రం పుడుతుందనీ, తీగను చుట్టలుగా చుడితే ఆ బలమంతా ఒకచోట కూడుతుందనీ ఆమె చెప్పింది. మరి ఏ తీగా లేని లాడం అయస్కాంతం సంగతేమిటని మళ్లీ అడిగాను. ఇనుములోని పరమాణువుల్లో ఎలక్ట్రాన్లు ఎప్పుడూ కదులుతూనే ఉంటాయట, ఒక్కొక్కటీ ఒక బుల్లి అయస్కాంతమట. మామూలు మేకులో వాటి గుంపులు తలా ఒక దిక్కు చూస్తూ ఒకదాని బలాన్ని ఇంకొకటి కొట్టేస్తాయి, అవన్నీ ఒకే దిక్కుకు తిరిగితే ఆ మేకే అయస్కాంతమవుతుంది. కుదురుగా కూర్చోవడం చేతకాని నాకు, ఊరికే పడున్న ఇనుపముక్కలో కూడా నిలకడ లేనిది ఒకటుందన్న మాట ఎందుకో గొప్ప ఊరటగా అనిపించింది.

నా పందొమ్మిదో ఏట, యాసంగి వరి చేలల్లో ఉండగా, బాపు స్కూటరు మీద నుంచి పడి కుడిచెయ్యి విరగ్గొట్టుకున్నాడు. దవాఖానలో పిండికట్టు వేసి నెలన్నర కదిలించొద్దన్నారు. ఆయనకు కదలకుండా ఉండటమంటే జైలే. పొద్దున్నే దుకాణం తెరిపించి, స్టూలు మీద కూర్చుని, లేచి, మళ్లీ కూర్చుని, వచ్చిన వాళ్లను జనగామకు పొమ్మని పంపి, పంపినందుకు తనను తానే తిట్టుకునేవాడు. సరిగ్గా అప్పుడే మా మేనత్త, అంటే బాపు అక్క, తన అయిదు హార్సుల మోటరును ఆటోలో వేసుకుని వచ్చింది. మామ పోయాక రెండెకరాల వరి ఆమె ఒక్కతే చేసుకునేది. పొలం పాలు పోసుకునే దశలో ఉంది, ఇంకో రెండు తడులు పడితే గట్టెక్కుతుంది. జనగామలో అడిగితే వారం పడుతుందన్నారట.

"వారమంటే నా పొలం ఎండిపాయె తమ్మీ. పిల్ల సుడ్తది గద?"

"సుడ్తది గని, దాని చెయ్యి నా చెయ్యి లెక్క గాదక్కా."

"నీ చెయ్యి ఎట్లున్నదో సూస్తనే ఉన్న గద! పిల్లకియ్యి."

అలా ఆ మోటరు నాకు వచ్చింది. రెండు రోజులు తిండి మీద ధ్యాస లేకుండా చుట్టాను. చుడుతున్నంతసేపూ బాపు నా వెనకే అటూ ఇటూ తిరిగాడు. మూడు ఫేజులు, ఫేజుకు నాలుగు కాయిల్ గుత్తులు. వాటి కొసలు ఏది దేనికి కలపాలో ఆయన చెబుతుంటే నేను కలుపుతూ వచ్చాను. మూడో ఫేజు దగ్గర నేను ఒక్క క్షణం ఆగి ఆలోచించేసరికి ఆయన ఓపిక తెగిపోయింది. "జర జరుగు, నీకు సమజైతలేదు" అని నన్ను పక్కకు నెట్టి, ఎడమచేత్తో, పళ్లతో తీగ పట్టుకుని, ఆ ఒక్క జాయింటు తానే మెలిపెట్టాడు. నేను దాని మీద టంకం వేశాను.

మోటరును అత్త బావి మీద బిగించి, కరెంటు వచ్చాక స్టార్టరు నొక్కాను. మోటరు తిరగలేదు. గుమ్మని మూలిగింది, వణికింది, వేడెక్కిన వార్నిషు వాసన మొదలైంది. నేను ఆపేసేసరికి పక్కపొలం ఆయన గట్టు మీద నిలబడి నవ్వుతున్నాడు.

"ఆడపిల్ల సుట్టిన మోటరు గిట్లనే మూలుగుతది."

అత్త నెర్రెలు విచ్చిన మడి వైపు చూసింది. ఆ చూపు ఆ నవ్వు కన్నా ఎక్కువ గుచ్చుకుంది. మోటరు విప్పుకుని తిరిగి వచ్చేటప్పుడు ఆటోలో బాపు, మొత్తం పెరికి మళ్లీ చుట్టాల్సిందే అన్నాడు. చుట్టడానికి తీగ లేదు, పొలానికి గడువు లేదు. కాయిల్ కాలలేదని వాసనను బట్టి నాకు తెలుసు, ఎక్కడో ఒక గుత్తిలో కరెంటు తిరగబడి పోతున్నదనీ అనుమానం, కానీ పన్నెండు గుత్తుల్లో ఏది? పైకి చూస్తే అన్నీ ఒకేలా ఉన్నాయి. అప్పుడు గుర్తొచ్చింది, బళ్లో తిరిగిన ఆ సూది.

మర్నాడు శనివారం. బడి వదిలే వేళకు వెళ్లి టీచరమ్మకు సంగతి చెప్పి దిక్సూచి అడిగాను. ప్రతి శనివారం ఆమె బస్సెక్కి మానుకోటలో తన ఇంటికి, ఆదివారం ప్రార్థనకు వెళ్లేది.

"ఇది బడి వస్తువు బిడ్డా, నీ చేతికియ్యరాదు" అని, నా ముఖం చూసి, "నేనే పట్టుకొస్త, పా" అంది. మేము దుకాణానికి నడుస్తుంటే ఆమె ఎక్కాల్సిన బస్సు మా పక్కనుంచే వెళ్లిపోయింది.

దుకాణం పక్కనున్న మెకానిక్కును అడిగి ట్రాక్టరు బ్యాటరీ తెచ్చాను. మోటరు నడిపే కరెంటు క్షణక్షణం దిక్కు మారుతుంది కాబట్టి సూది దానితో తూగలేదు. బ్యాటరీ కరెంటు ఒకే దిక్కున పోతుంది. ఒక్కో ఫేజుకు బ్యాటరీని రెప్పపాటు తగిలిస్తూ, చట్రం లోపల గుండ్రంగా సూదిని జరుపుకుంటూ పోయాను. పక్కపక్క గుత్తులు ఒకటి ఉత్తరమైతే ఒకటి దక్షిణం కావాలి. మొదటి ఫేజులో సూది గుత్తి గుత్తికీ తిరిగింది. రెండో దాంట్లోనూ తిరిగింది. మూడో ఫేజులో రెండు గుత్తుల దాకా బాగానే వచ్చి, మూడోదాని దగ్గర తిరగాల్సిన సూది తిరగకుండా అలాగే ఉండిపోయింది.

"దొరికింది గదా!" అంది టీచరమ్మ.

అక్కడి జాయింటు మీద తొడిగిన స్లీవు గొట్టం తీసి చూస్తే, మెలి ఎడమవైపుకు తిరిగి ఉంది. నేను వేసే మెలికలన్నీ కుడివైపుకే, ఇది బాపు ఎడమచేత్తో వేసినది. నేను బాపును చూశాను. బాపు ఆ మెలిని చూశాడు, తర్వాత రోడ్డు మీద పోయే ఆటోలను చూశాడు. నేను జాయింటు కత్తిరించి, కొసలు మార్చి, టంకం వేశాను.

ఆదివారం మళ్లీ బావి దగ్గర మోటరు లేచింది, కానీ ఎదురు దిక్కుకు తిరిగింది. అది భయపడాల్సింది కాదు. మూడు ఫేజులు ఒకదాని వెనక ఒకటి వస్తూ అయస్కాంత క్షేత్రాన్నే గుండ్రంగా తిప్పుతాయి. లోపలి ఇనుప గుండును ఏ తీగా తాకకపోయినా, ఆ తిరిగే క్షేత్రం దానిలోనూ కరెంటు పుట్టించి తన వెంట లాక్కుపోతుంది. రెండు వైర్లు అటుదిటు మారిస్తే క్షేత్రం తిరిగే దిక్కు మారిపోతుంది. మార్చాను. నీళ్లు పైపులోంచి దబదబా వచ్చి కాలువలో పడ్డాయి. అత్త చీర కుచ్చెళ్లు ఎత్తి దోపుకుని కాలువలో దిగి నిలబడి ఏడ్చింది.

పక్కపొలం ఆయన ఈసారీ ఊరుకోలేదు.

"మొదాలె సక్కగ సుడితే అయిపోవు గద పోరీ."

నేను బాపు వైపు తిరిగాను. ఆ జాయింటు తనదని ఇప్పుడంటాడు, ఇప్పుడంటాడు అని చూశాను. ఆయన పిండికట్టు చెయ్యిని గుండెకానించుకుని నీళ్లనే చూస్తూ నిలబడ్డాడు. పంట దక్కింది. ఒకసారి తప్పుచేసినా పిల్ల పని నేర్చుకున్నదని ఊళ్లో చెప్పుకున్నారు. ఆ మరుసటి రోజు నుంచి బాపు కొసలు కలిపే పని పూర్తిగా నాకే వదిలేశాడు, చెయ్యి బాగయ్యాక కూడా ముట్టుకోలేదు. అది ఆయన ఇచ్చిన జవాబని నాకు తెలుసు. కానీ నాకు కావలసింది నోటిమాట. అది రాక, రెండేళ్ల తర్వాత పెళ్లయి భూపాలపల్లి వచ్చేదాకా, వచ్చాక చాలా ఏళ్ల దాకా, లోపల ఏదో కుదురులేకుండా కొట్టుకుంటూనే ఉండేది.

ముసలితనంలో బాపు ఒకసారి మా క్వార్టరుకు వచ్చి వారం ఉన్నాడు. ఒక మధ్యాహ్నం చాయ్ చేతికిస్తూ, ఇక ఆగలేక అడిగేశాను.

"గా దినం బావికాడ ఎందుకు చెప్పలే బాపూ, గది నువ్వు కట్టిన జాయింటని?"

ఆయన చాయ్ గ్లాసు కింద పెట్టాడు.

"నువ్వు చెప్తవని సూసిన బిడ్డా. నువ్వంటే, ఔ నాదే అందామనుకున్న. నువ్వనలే. ఇగ నాకు నోరు రాలే."

అంతే. తర్వాత మేమిద్దరం ఆ మాట ఎత్తలేదు.

బాపు పోయి చాలా ఏళ్లయింది. పాలకుర్తిలో మా దుకాణం ఉన్న చోట ఇప్పుడు సెల్‌ఫోన్ల కొట్టు ఉంది, అత్త బావి పూడిపోయి బోరు పడింది, వంతుల కరెంటు కోసం ఎదురుచూసే పని ఎవరికీ లేదు. మా మనవరాలు తనవల్ల ఏదైనా పొరపాటు జరిగితే అక్కడికక్కడే నాదే తప్పు అనేసి, నవ్వేసి, మరుక్షణం ఇంకో పనిలో పడిపోతుంది. అంత తేలిగ్గా ఆ మాట అనడం చూస్తే ముచ్చటేస్తుంది, కొంచెం ఈర్ష్య కూడా. మా కాలంలో ఆ ఒక్క మాట నోటిదాకా రావడానికి ఇరవై ఏళ్లు పట్టింది. గట్టు మీద నాలుగడుగుల దూరంలో నిలబడి, నువ్వంటావని నేను, నువ్వంటావని ఆయన, ఒకరి నోటిమాట కోసం ఒకరం ఎదురుచూసుకుని, మాట్లాడకుండా ఒకే ఆటోలో ఇంటికి వెళ్లిపోయాం.